సాక్షి ఋణం

'సాక్షి' అనే మాటకు మన దేశంలో రెండు అర్థాలు చిరకాలంగా ప్రక్కప్రక్కనే నడుస్తున్నవి. వేదాంతులు చెప్పే సాక్షి చూచును, అంతే. ఒకే చెట్టుపై వ్రాలిన రెండు పక్షులలో ఒకటి పండు తినుచుండగా రెండవది తినక చూచుచుండునని ఉపనిషత్తులలో చెప్పిన దృష్టాంతం తెలుగు పాఠకులకు కొత్త కాదు. ఆ రెండవ పక్షికి పండు తీపితోనూ పనిలేదు, చేదుతోనూ పనిలేదు. న్యాయస్థానంలోని సాక్షి సంగతి వేరు. అతడు ప్రమాణం చేసి బోనెక్కవలెను; చూచినది చూచినట్లు చెప్పవలెను; చెప్పిన ప్రతి మాటకూ ఇరుపక్షాల ప్రశ్నలూ భరించవలెను; అబద్ధమాడినచో శిక్షకు పాత్రుడు కావలెను. మొదటివానికి చూపే విముక్తి. రెండవవానికి చూపే బంధం.

దేశదేశాలు తిరిగి, ఒక జాతి బ్రతుకును మరొక జాతికి తెలియజేయుట వృత్తిగా పెట్టుకొన్న పత్రికారచయిత ఈ ఇద్దరిలో ఎవరు? అతడు ఏ పత్రికాలయంలోనూ నెలజీతం పుచ్చుకొననివాడైతే ప్రశ్న మరింత చిక్కుపడుతుంది. ఉద్యోగి అయిన విలేకరికి యజమాని ఉన్నాడు, సంపాదకుడు ఉన్నాడు, పత్రికకు ఒక విధానమున్నది. తప్పు జరిగినప్పుడు ఎవరిని నిలదీయవలెనో లోకానికి తెలుసును. స్వతంత్ర రచయితకు ఈ కట్టుబాట్లు లేవు. ఇష్టమైన చోటికి పోవును, తోచినది వ్రాయును, నచ్చిన పత్రికకు పంపును. తనను పంపినవారు లేరు గనుక పిలిచి అడుగువారూ లేరు. యజమాని లేనివాడు ఎవరికీ ఋణపడనివాడేనా? ఇదే ఇక్కడ విచారింపదగిన ప్రశ్న.

ప్రశ్నను ఆకాశంలో వ్రేలాడదీసి విచారించుట కంటె ఒక మనిషిలో, ఒక ఊరిలో నిలిపి విచారించుట మేలు. ఆ మనిషి చార్లెస్ ఫ్రియర్ ఆండ్రూస్. ఆ ఊరు నేటి ఝార్ఖండ్ రాష్ట్రంలోని జంషెడ్‌పూర్.

ఆండ్రూస్‌ను మనవారు దీనబంధువని పిలిచినారు. గాంధీకీ రవీంద్రునికీ ఆప్తమిత్రుడుగా ఎరుగుదురు. 1871లో ఇంగ్లండులోని న్యూకాజిల్‌లో పుట్టి, 1904లో ఢిల్లీలోని సెయింట్ స్టీఫెన్స్ కళాశాలలో బోధించుటకు మతసంఘం పక్షాన వచ్చిన వాడాయన. 1914 జనవరిలో దక్షిణాఫ్రికా చేరి, ఓడ దిగిన చోటనే గాంధీ పాదాలు తాకినారు. అక్కడి తెల్లవారి పత్రికలకు అది పెద్ద అపచారమయినది. ఆ ఏటనే మతసంఘపు కొలువు విడిచి శాంతినికేతనం చేరినారు. తరువాతి ఇరువది యైదేండ్లలో ఆయన తిరగని సముద్రం లేదనవచ్చును. ఫిజీ, కెన్యా, దక్షిణాఫ్రికా, బ్రిటిష్ గయానా, ఎక్కడ భారతీయ కూలి ఉన్నాడో అక్కడికి ఆయన వెళ్ళినారు. వెళ్ళిన చోటినుండి వ్రాసినారు. కలకత్తాలోని 'మోడరన్ రివ్యూ'కు, ఇంగ్లండులోని 'మాంచెస్టర్ గార్డియన్'కు వ్రాసినారు. 1924లో గాంధీ ఇరువది యొక్క దినాల ఉపవాసం చేసినప్పుడు 'యంగ్ ఇండియా' సంపాదకత్వ భారం తాత్కాలికంగా వహించినారు. ఏ పత్రికలోనూ స్థిరమైన కొలువు లేదు. ఇంగ్లీషువారికి భారతీయులను, భారతీయులకు ఇంగ్లీషువారిని, ఉభయులకూ సముద్రాలకవతలి గిరిమిటియాలను తెలియజెప్పుటే ఆయన చేసిన పని. ఆ పనికి ఇప్పటివారు పెట్టే పేరు స్వతంత్ర అంతర్జాతీయ పత్రికారచన.

ఈ స్వేచ్ఛకు మొదటి పరీక్ష అన్నమే. వ్యాసానికింత అని పుచ్చుకొని బ్రతికేవాడు యజమానిని తప్పించుకొన్నానని సంతోషించవచ్చును గాని, అతనిపై పెత్తనం చేసే శక్తి మరొకటి ఉన్నది. అది దూరదేశపు పాఠకుని కుతూహలం. ఆ యజమానికి ముఖం లేదు, కనుక ఎదిరించుట మరింత కష్టం. ఆకలిచావు ఉన్న ఊరినుండి వచ్చిన వ్యాసం అచ్చగును; ఆకలి తీరిన ఊరినుండి వచ్చినది బుట్టలో పడును. అట్లు క్రమంగా రచయిత కన్ను తనకు తెలియకుండానే కొనుగోలుదారు కన్నవుతుంది. కొలువున్న విలేకరి ఒక పత్రికకు దాసుడైతే, జాగ్రత్త లేని స్వతంత్రుడు పది పత్రికల రుచికి దాసుడు. ఆండ్రూస్ ఈ బాధను కోరికలు తగ్గించుకొని, మిత్రుల ఆతిథ్యం స్వీకరించి గడిపినారు. కాని మిత్రుల అన్నం కూడా అన్నమే. దానికీ ఒక ఋణమున్నది. ఆ సంగతి జంషెడ్‌పూర్‌లోనే తేటపడినది. అంతకు ముందు ఫిజీ కథ కొంత తెలియవలెను.

1879 మొదలు 1916 వరకు సుమారు 60 వేలమంది భారతీయులు అయిదేండ్ల ఒప్పందంపై ఫిజీ చెరకుతోటలకు పోయినారు. 'అగ్రిమెంటు' అనే మాట వారి నోట 'గిరిమిట్' అయినది. 1903 నుండి మద్రాసు రేవు మీదుగా పోయిన వారిలో తెలుగువారూ ఎందరో ఉన్నారు. ఈ బ్రతుకు మన దేశానికి మొదట తెలిసినది ఇంగ్లీషు పుస్తకం వలన కాదు. కుంతి అనే కూలిస్త్రీ 1912లో ఓవర్‌సీరు బారినుండి తప్పించుకొనుటకు నదిలో దూకినది; ఒక పడవ పిల్లవాడు ఆమెను కాపాడినాడు. ఆమె మాట 1913లో కలకత్తాలోని హిందీ పత్రిక 'భారత్‌మిత్ర'లో అచ్చుపడగా ప్రభుత్వం విచారణ కోరవలసి వచ్చినది. ఫిజీలో ఇరువది యొక్క సంవత్సరాలు గడిపి తిరిగివచ్చిన తోతారామ్ సనాఢ్యుడు తన కథ చెప్పగా, బనారసీదాస్ చతుర్వేది దానిని వ్రాసి పెట్టినాడు. 1914లో అది హిందీలో పుస్తకమై వెలువడినది. ఆ తరువాత 1915లో ఆండ్రూస్ తన మిత్రుడు విలియం పియర్సన్‌తో ఫిజీ వెళ్ళినారు. 1916 ప్రారంభంలో వెలువడిన వారి నివేదిక ఆ ఒప్పందపు పద్ధతిని కదిలించిన వానిలో ప్రధానమైనది. 1917లో కూలీల సేకరణ ఆగినది. 1920 జనవరి 1న ఫిజీలో మిగిలిన ఒప్పందాలు రద్దయినవి.

ఇంతవరకు చూచినచో ఇది కలం సాధించిన విజయం. అయినను ఆ నివేదికలోనే ఒక ముల్లు ఉన్నది. కూలీల లైన్లలోని స్త్రీల నీతిని గురించి అది పలికిన మాటలు పద్ధతి యొక్క క్రూరత్వాన్ని చాటుటకు పనికివచ్చినవి గాని, ఆ స్త్రీలను పతితలుగా లోకం ముందు నిలిపినవి. మంచి ఉద్దేశంతోనే జరిగినది. పాఠకుని హృదయం కదలవలెనన్న తొందరలో చెప్పబడినవారి పరువు ఖర్చయినది. గిరిమిటియా మనుమడైన చరిత్రకారుడు బ్రిజ్ వి. లాల్ 1985లో 'కుంతి ఆక్రందన' అనే అర్థమిచ్చే పేరుతో వ్యాసం వ్రాసి, తోటల కష్టాలకు స్త్రీల శీలాన్ని కారణంగా చూపే వాడుకను ప్రశ్నించినాడు. చెప్పబడినవారు తిరిగి మాటాడుటకు సుమారు డెబ్బది యేండ్లు పట్టినది. మనుమడు చదువుకొని చరిత్రకారుడైనాడు కనుక ఆ మాట వినబడినది. మనుమడు లేనివారి మాట ఏమి కావలెను?

ఇక్కడ మొదటి సత్యం తేలుతున్నది. ఇతరుల బాధను దూరదేశానికి మోసుకొనిపోయేవాడు వారి ఆస్తిని మోస్తున్నాడు. బాధ కూడా ఒక ఆస్తియే. బీదవానికి ఒక్కొక్కప్పుడు అది తప్ప వేరే ఆస్తి ఉండదు. దానిని అతని అనుమతి లేక వాడుకొన్నచో, ఫలం అతనికే చేరినప్పటికీ, లెక్క అప్పచెప్పవలసియే ఉండును. ఆండ్రూస్ ఈ లెక్కను ఎగవేసిన మనిషి కాడు. 1917లో ఆయన మరల ఫిజీ వెళ్ళినారు. ఒకసారి చూచి వ్రాసి మరచిపోవుట సులభం. మరల వెళ్ళుట వలన, తన వ్రాతను గూర్చి అక్కడివారు ఏమనుకొనుచున్నారో ముఖాముఖి వినవలసి వచ్చును. 1921లో కెన్యాలో తెల్ల వలసదారులు రైలులో ఆయనపై చేయి చేసుకొన్నారు. ఒడ్డున కూర్చుండి వ్రాసేవానికి ఈ దెబ్బలు తగలవు.

సముద్రాల కవతల పని కష్టమే గాని, అక్కడ ఒక సౌకర్యమున్నది. అన్యాయం చేసినవాడు పరాయివాడు; అతనిని నిందించినచో స్వదేశంలో జేజేలు దొరకును. స్వదేశంలోనే, గౌరవనీయుల గడపలోనే ప్రశ్న ఎదురైనప్పుడు సాక్షి ఏమి చేయవలెను? ఆండ్రూస్‌కు ఈ పరీక్ష జంషెడ్‌పూర్‌లో వచ్చినది.

సుబర్ణరేఖ, ఖర్కాయి నదులు కలిసే చోట సాక్చి అనే పల్లె ఉండేది. 1907లో ఏర్పడిన టాటా ఉక్కు కంపెనీ అక్కడ కొలిమి నిలిపినది. 1912లో తొలి ఉక్కు పోతపోసినది. 1919లో వైస్రాయి చెమ్స్‌ఫర్డ్ ఆ ఊరికి జంషెడ్‌జీ పేర జంషెడ్‌పూర్ అని నామకరణం చేసినాడు. అమెరికన్ ఇంజనీర్లు దానికి రూపురేఖలు దిద్దినారు. ఐరోపా నిపుణులు కొలుముల దగ్గర నిలిచినారు. హో, సంథాల్, భూమిజ్ జనులు తమ నేలపైననే కూలీలైనారు. బెంగాలీలు, ఒడియాలు, బీహారీలు, పంజాబీలు, తమిళులు, తెలుగువారు వచ్చి చేరినారు. నేటికీ బిస్టుపూర్‌లోని ఆంధ్రభక్త శ్రీరామమందిరం ఆ వలసకు గుర్తుగా నిలిచి ఉన్నది. అంతర్జాతీయ వ్యవహారాలను చూడగోరువాడు ఓడ ఎక్కనక్కరలేదు, ఆ ఫ్యాక్టరీ గేటు దగ్గర ఒక పూట నిలిచిన చాలును. మొదటి ప్రపంచయుద్ధంలో అక్కడి పట్టాలు మెసపొటేమియా దాక పోయినవి. యుద్ధం ముగిసిన తరువాత ఐరోపా నుండి చౌక ఉక్కు వచ్చిపడి కంపెనీ తలక్రిందులు కాబోగా, 1924లో రక్షణసుంకపు చట్టం దానిని నిలబెట్టినది.

ఆ కంపెనీని దేశం తన అభిమానధనంగా చూచుకొనేది. అది నిష్కారణం కాదు. భారతీయుల మూలధనంతో లేచిన కర్మాగారమది. కార్మికుల సంక్షేమం విషయమై సిడ్నీ, బియాట్రిస్ వెబ్ దంపతుల సలహా తీసుకొన్నది. చట్టం అడుగకముందే 1912లో ఎనిమిది గంటల పనిదినం పెట్టినది. అయితే 1920లో అక్కడ సమ్మె జరిగినది, కాల్పులలో కార్మికులు మరణించినారు. 1922లో మరల సమ్మె జరిగినది. లేబర్ అసోసియేషన్ అనే కార్మికసంఘాన్ని యాజమాన్యం గుర్తింపలేదు. సంఘపు కార్యదర్శిని పనినుండి తొలగించినది. సుంకపు భారం మోస్తున్న దేశం ఈ కార్మికుల గతి ఏమని అడుగుటలో న్యాయమున్నది.

1925 నాటికి ఆ సంఘానికి అధ్యక్షుడు ఆండ్రూస్. చిక్కు ఇక్కడనే ఉన్నది. గాంధీ దక్షిణాఫ్రికాలో పోరాడుచున్న దినాలలో భారతదేశం నుండి వచ్చిన గొప్ప విరాళాలలో మొదటిది సర్ రతన్ టాటా పంపిన 25 వేల రూపాయలు. ఆండ్రూస్ 1914లో పరుగెత్తుకొని పోయినది ఆ పోరాటానికే. ఉప్పు తిన్న ఇంటిని తప్పుపట్టుట ఎట్లు? తప్పుపట్టకుండుట ఎట్లు? పరాయి తోటయజమానిపై నివేదిక వ్రాసిన చేతికి ఇక్కడ కలం ఒక్కటే చాలదని తోచి ఉండును. వ్రాసి ఊరుకొన్నచో ఉపకారిని లోకంలో రచ్చకీడ్చినట్లగును. వ్రాయకున్నచో కూలివానిని విడిచినట్లగును. ఆయన మూడవ మార్గం పట్టినారు. ఇరుపక్షాల ఎదుట తానే నిలిచి, రెండు చెంపలూ అప్పగించే మధ్యవర్తి పాత్ర వహించినారు. 1925 ఆగస్టులో గాంధీ జంషెడ్‌పూర్ వచ్చినారు. టాటాల పాత ఉపకారాన్ని సభలో బాహాటంగా స్మరించినారు. మూలధనమూ శ్రమా ఒక గొప్ప కుటుంబం వలె ఐకమత్యంతో మెలగవలెనన్న తన ఆదర్శం చెప్పినారు. సంభాషణల ఫలితంగా సంఘానికి గుర్తింపు దొరికినది. తొలగింపబడిన కార్యదర్శిని తిరిగి తీసుకొనుటకు ఒప్పుదల జరిగినది.

ఈ ప్రవర్తనపై ఒక ఆక్షేపణ సహజంగా పుట్టును. పక్షం వహించినవాడు సాక్షిగా ఎట్లు పనికివచ్చును? సంఘాధ్యక్షుడు వ్రాసిన మాటను పాఠకుడు ఏల నమ్మవలెను? దీనికి బలమున్నది. పక్షపాతం దృష్టిని వంకర చేయును. స్నేహం ఇంకా ఎక్కువ వంకర చేయును. కాని పక్షమే లేని సాక్షి ఎక్కడ ఉన్నాడు? ఎవరి బంగళాలో బస చేసినాడో, ఎవరి మోటారులో తిరిగినాడో, ఎవరి భాషలో ప్రశ్న అడిగినాడో, వాటివలననే పక్షం ఏర్పడుచున్నది. నేను ఎవరివాడనూ కాననేవాడు తన పక్షాన్ని దాచినవాడు. నేను ఫలానావారి పక్షమనేవాడు దానిని బయటపెట్టినవాడు. బయటపెట్టిన దానిని పాఠకుడు తూచి తగ్గించుకొనగలడు. దాచినదానికి తూనిక లేదు. ఆండ్రూస్ అధ్యక్ష పదవి ఆయన సాక్ష్యానికి మచ్చ అని తీర్మానించుటకు ముందు, అది ఆ సాక్ష్యానికి ఉన్న చిరునామా అని గుర్తింపవలెను. ఆయన మాట తప్పయినచో నిలదీయుటకు ఎవరికైనా ఒక చోటు దొరికినది.

రెండవ ఆక్షేపణ దీనికంటె కఠినమైనది. అది చరిత్ర వేసినది. 1925లో కుదిరిన సామరస్యం మూడేండ్లు నిలువలేదు. 1928లో జంషెడ్‌పూర్ సమ్మెతోనూ లాకౌట్‌తోనూ అట్టుడికినది. కార్మికులలో పెద్దభాగం పాత సంఘాన్ని కాదని మానెక్ హోమీ వెంట నడిచినారు. సంఘపు పగ్గాలు సుభాస్ చంద్ర బోసు చేతికి వచ్చినవి. ఇరుపక్షాలకూ మిత్రుడైనవాని మాట, ఉద్యోగాల కోతకు గురియగుచున్న కూలివానికి చల్లారిన గంజి వలె తోచి ఉండవచ్చును. మధ్యవర్తికి రెండు ఇండ్లలోనూ ఆసనం వేయుదురు. గదిలో మాటాడుకొన్న మాటలు గేటు వెలుపల నిలిచినవారికి వినబడవు. ఆండ్రూస్ వంటి నిష్కపటికే ఈ పరిమితి తప్పలేదు. కనుక మంచితనం సాక్షికి అవసరమే గాని చాలినది కాదు. అతడు చెప్పినది సత్యమా అని అడిగిన తరువాత, ఎవరి ఎదుట చెప్పినాడని కూడ అడుగవలసి ఉన్నది.

ఈ రెండవ ప్రశ్నే దేశాంతర పత్రికారచనకు అసలు గీటురాయి. అట్టి రచన ఒక విధమైన అనువాదం. అనువాదకునికి ఇద్దరు పాఠకులు ఉందురు. క్రొత్త భాషలో చదువువాడు ఒకడు, తన మాట ఏమైనదో చూచుకొనగోరే మూలకర్త ఒకడు. మొదటివాడు మెచ్చుకొన్నంత మాత్రాన అనువాదం మంచిది కాదు. రెండవవాడు చదివి, అవును, నేనన్నది ఇదే అని తల ఊపవలెను. కూలివాని మూలం తెలుగులోనో సంథాలీలోనో ఉన్నది. నివేదిక ఇంగ్లీషులో లండనుకు పోయినది. దానిని మరల అతని భాషలోనికి మార్చి, అతని వాకిట కూర్చుండి చదివి వినిపించినచో అతడు తన్ను తాను గుర్తుపట్టునా, సిగ్గుతో తలవంచుకొనునా? ఫిజీ నివేదికలో స్త్రీలను గూర్చిన మాటలు ఈ పరీక్షకు నిలువజాలవు. కుంతి మాట నిలుచును, ఎందుకనగా అది ఆమెదే. చెప్పేవాని ఎదుటనే కూర్చుండి విని వ్రాసిన చతుర్వేది మార్గం ఈ పరీక్షకు చాల దగ్గరగా వచ్చినది.

కాలం మారినది. 2000లో ఝార్ఖండ్ ప్రత్యేక రాష్ట్రమైనది. గనులు, అడవులు, వలసలు వెదకుచు దేశవిదేశాల రచయితలు అక్కడికి వచ్చుచునే ఉందురు. వచ్చినవానికి దారి చూపి, భాష చెప్పి, ఇంటింటికీ తీసికొనిపోయేవాడు స్థానికుడు. వ్యాసం వెలువడేసరికి వ్రాసినవాడు మరొక దేశంలో ఉండును. దారి చూపినవాడు ఆ ఊరిలోనే ఉండును. కోపాలు, కేసులు, ఇరుగుపొరుగు మాటలు అతని వంతు. వ్యాసానికి క్రింద పేరు మాత్రం మొదటివానిది. ఆ స్థానికుడు తన ఊరిని గూర్చి తానే బయటి పత్రికలకు వ్రాయబూనినప్పుడు అతనికి ఆండ్రూస్‌కు వచ్చిన చిక్కే వచ్చును: అన్నం పెట్టే కర్మాగారం, బిడ్డలు చదివే బడి, రోగం వచ్చినచో పోయే ఆసుపత్రి ఒకే గొడుగు క్రింద ఉన్న ఊరిలో సత్యం చెప్పుట ఎట్లు? అతనికి తిరిగి పోవుటకు శాంతినికేతనం లేదు. అతని ధైర్యాన్ని తూచునప్పుడు ఈ తేడాను మరువరాదు.

మొదటి ప్రశ్నకు ఇప్పుడు జవాబు చెప్పవచ్చును. స్వతంత్ర రచయితకు యజమాని లేకపోవుట ఋణవిముక్తి కాదు. ఋణదాత మారుట మాత్రమే. ఉద్యోగి జీతమిచ్చినవానికి ఋణపడి ఉండును. స్వతంత్రుడు కథ ఇచ్చినవానికి ఋణపడి ఉండును. ఆ ఋణం తీర్చుటకు మూడు మార్గాలు కనబడుచున్నవి. చెప్పబడినవాని పరువును పాఠకుని కన్నీటికి అమ్మకుండుట ఒకటి. తన పక్షాన్ని, తన అన్నదాతను దాచకుండుట రెండవది. వ్రాసిన తరువాత మరల ఆ గుమ్మానికి పోయి నిలుచుట మూడవది. మొదటి దానిలో ఆండ్రూస్ ఒకచోట తప్పినారు. రెండవ దానిని సంఘాధ్యక్షుడై లోకమెరుగ నిలిచి పాటించినారు. మూడవ దానిని జీవితాంతం పాటించినారు. తప్పినచోట కూడ ఆయనను ప్రశ్నింపగలుగుచున్నామనగా, అది ఆయన అందుబాటులో నిలిచిన సాక్షి యగుట వలననే.

1940 ఏప్రిల్ 5న ఆయన కలకత్తాలో మరణించినారు. ఆ నగరపు క్రైస్తవ శ్మశానవాటికలోనే సమాధి ఉన్నది. పుట్టిన ఊరు వేల మైళ్ళ దూరాన ఉన్నది. చూచి పోవుటకు వచ్చినవాడు చూచిన దేశపు మట్టిలోనే మిగిలిపోయినాడు. చెట్టుమీది రెండవ పక్షి కొమ్మ దిగి, మొదటి పక్షి తిన్న పండునే తాను కూడ రుచి చూచినది. వేదాంతులు దానిని పతనమనవచ్చును. కథను ఇచ్చినవారు మాత్రం బాకీలో కొంత ముట్టినదని వ్రాసుకొందురు.